సామర్థ్యం పేరుతోనే తెరుచుకున్న తలుపు: ‘సీ క్లౌడ్’ కథ

అమెరికా సైన్యంలో ‘వైవిధ్యం’ (అన్ని జాతులకూ, మహిళలకూ చోటివ్వడం) గొడవ మళ్లీ రాజుకుంది. 2025 జనవరిలో ట్రంప్ గద్దెనెక్కగానే కోస్ట్ గార్డ్ అధిపతి అడ్మిరల్ లిండా ఫేగన్‌ను తప్పించారు. చెప్పిన కారణాల్లో వైవిధ్య కార్యక్రమాల మీద మితిమీరిన శ్రద్ధ ఒకటి. అదే నెల 27న సైన్యంలో అలాంటి కార్యక్రమాలు ఎత్తేయమని ఉత్తర్వు వచ్చింది. వాటివల్ల ప్రతిభ, దళంలో ఐకమత్యం దెబ్బతింటున్నాయన్నది ట్రంప్ ప్రభుత్వం మాట. అదే కోస్ట్ గార్డ్‌లో 1943లో కార్ల్‌టన్ స్కిన్నర్ అనే ఓ యువ అధికారి కూడా సామర్థ్యం గురించే మాట్లాడాడు. కాకపోతే ఆయన తేల్చింది దీనికి పూర్తిగా వ్యతిరేకం: నల్లవాళ్లనూ తెల్లవాళ్లనూ కలిపి నడపాలని. అలా నడిపిన ఓడే సీ క్లౌడ్.

ఆ ఓడ యజమానురాలు, అమెరికా సంపన్నురాలు మార్జరీ పోస్ట్ ఐశ్వర్యం, ఓడలోని పాలరాతి స్నానాల గదుల గురించి ఇప్పటికే చాలా రాశారు. వాటిని వదిలేద్దాం. 1931లో జర్మనీలోని కీల్‌లో కట్టిన ఆ తెరచాప ఓడను 1942లో, రెండో ప్రపంచ యుద్ధం నడుస్తుండగా, అమెరికా ప్రభుత్వం ఏడాదికి ఒక డాలరు అద్దెకు తీసుకుంది. నాలుగు తెరచాప కొయ్యలూ పీకేసి, బూడిద రంగు పూసి, ఫిరంగులు బిగించింది. బోస్టన్ నుంచి అట్లాంటిక్‌లోకి వెళ్లి, శత్రు జలాంతర్గాముల భయం మధ్య వాతావరణ వివరాలు పంపడం దాని పని.

అసలు మలుపు ఈ ఓడ మీద కాదు, నార్త్‌ల్యాండ్ అనే మరో ఓడలో మొదలైంది. అక్కడ ఆలివర్ హెన్రీ అనే నల్లజాతి స్టీవర్డ్ ఉండేవాడు. హోదా ప్రకారం అతని పని అధికారులకు వడ్డించడం. కానీ ఇంజిన్ల పని చేతికి బాగా పట్టింది. అతనికి మెకానిక్ హోదా ఇవ్వమని అదే ఓడలోని కార్ల్‌టన్ స్కిన్నర్ సిఫారసు చేశాడు. నల్లవాళ్లకు ఆ హోదా ఉండదంటూ మొదట తోసిపుచ్చారు. పని వచ్చినవాడికి ఆ పని ఎందుకివ్వరన్న చిరాకే స్కిన్నర్‌ను కదిలించింది.

అప్పటికి కోస్ట్ గార్డ్ నల్లజాతి యువకులను సాధారణ సేవలోకి (వడ్డన కాకుండా మామూలు నావికుల పనుల్లోకి) తీసుకుంటోంది. కానీ ఓడలెక్కించకపోవడంతో వాళ్లు ఒడ్డునే పేరుకుపోతున్నారు. వాళ్లతోనే ఒక ఓడ నడుపుదామంటే అనుభవం ఉన్న నల్లజాతి పెట్టీ ఆఫీసర్లు (నావికులను నడిపించే దిగువ స్థాయి అధికారులు) చాలరు. కాబట్టి తెల్లవాళ్లతో కలిపి పంపడమే దారి అని స్కిన్నర్ కోస్ట్ గార్డ్ అధిపతి రస్సెల్ వేషీకి ప్రతిపాదించాడు. న్యాయం, సమానత్వం అనే మాటల మీద ఆయన ఆధారపడలేదు. అది లెక్కల వాదన. నాకైతే అందులోనే దాని బలం కనిపిస్తుంది. వేషీ ఒప్పుకున్నాడు. 1943 చివర్లో స్కిన్నర్ సీ క్లౌడ్ కెప్టెన్ అయ్యాడు.

ఓడలో మొత్తం 173 మంది. వాళ్లలో నలుగురు నల్లజాతి అధికారులు, సుమారు యాభై మంది నల్లజాతి నావికులు. చిత్రకారుడు జేకబ్ లారెన్స్ కూడా అక్కడే పనిచేశాడు. ఒకే చోట తిండి, ఒకే చోట పడక. ప్రత్యేకంగా చూడొద్దు, పత్రికలకు చెప్పొద్దు అన్నది స్కిన్నర్ పట్టు. నేవీకి చెందిన అట్లాంటిక్ ఫ్లీట్ రెండుసార్లు తనిఖీ చేసి లోపాలేవీ లేవంది. జాతి గొడవ ఒక్కటీ నమోదు కాలేదు.

నేవీ ఆలోచన వేరు. 1944లో యూఎస్ఎస్ మేసన్ అనే యుద్ధనౌకను ప్రధానంగా నల్లజాతి సిబ్బందితో, తెల్లజాతి అధికారుల కింద నడిపింది. మేసన్ సిబ్బంది ధైర్యాన్ని ఎవరూ కాదనలేరు. కానీ ఓడ వేరుగా ఉన్నంతకాలం గోడ ఉన్నట్టే కదా.

సీ క్లౌడ్‌ను 1944 నవంబరులో సేవ నుంచి తప్పించారు. సైన్యంలో జాతి వివక్షకు చెల్లుచీటీ ఇస్తూ ట్రూమన్ ఉత్తర్వు వెలువడింది 1948 జులైలో. ఒక్క ఓడ, అదీ ఏడాదిలోపు అనుభవం, దాన్నుంచి ఏం తేలుతుందని విమర్శకులు అడగొచ్చు. కానీ స్కిన్నర్ ఆ తర్వాత నడిపిన హొక్వియం అనే యుద్ధనౌకలోనూ నలుపు, తెలుపు కలిసే పనిచేశాయి.