సుల్తాను పేరిట పట్టా: హగియా సోఫియా తగాదాకు అసలు మూలం

ఇస్తాంబుల్‌లో హగియా సోఫియా గుమ్మటానికి మరమ్మతులు మొదలయ్యాక పాత తగాదా మళ్లీ తలెత్తింది. ఆ కట్టడం ఎవరిది? అందులో ఏం జరగాలో చెప్పే హక్కు ఎవరికుంది? 537లో జస్టీనియన్ చక్రవర్తి పూర్తి చేయించిన చర్చి 1453లో మసీదైంది, 1935లో మ్యూజియమైంది, 2020లో తిరిగి మసీదైంది. ఈ వరస అందరికీ తెలిసిందే. వాదించుకునేవారిలో చాలామంది 1453 దగ్గరే తచ్చాడుతుంటారు. కోర్టులో కేసు తేల్చింది మాత్రం 1936 నవంబరు 19 నాటి ఒక పట్టా.

మన రెవెన్యూ రికార్డులతో కుస్తీ పట్టినవారికి ఆ కాగితం కొత్తగా అనిపించదు. బ్లాకు 57, పార్సెల్ 7. ఆస్తి వివరం: సమాధి, అద్దె ఆస్తులు, నమాజు వేళలు లెక్కగట్టే గది, మదరసాతో కూడిన అయాసోఫ్యా పెద్ద మసీదు. హక్కుదారు: ఫాతిహ్ సుల్తాన్ మెహ్మద్ వక్ఫ్. అంటే 1453లో నగరాన్ని గెలిచి ఆ చర్చిని మసీదు చేసి, 1481లో కన్నుమూసిన సుల్తాను నెలకొల్పిన ధర్మనిధి. ఆ పట్టా రాసేనాటికి భవనాన్ని మ్యూజియంగా తెరిచి రెండేళ్లు కావస్తోంది. భవనంలో సందర్శకులు, రికార్డులో మసీదు. రెండూ ఒకే ప్రభుత్వం చేసిన పనులే.

మ్యూజియం ఆలోచన ఒక్క రోజులో పుట్టింది కాదు. 1931లోనే అమెరికన్ పండితుడు థామస్ విట్టెమోర్ బృందానికి మొజాయిక్ చిత్రాలను వెలికితీయడానికి టర్కీ తొలి అధ్యక్షుడు ముస్తఫా కెమాల్ ప్రభుత్వం అనుమతి ఇచ్చింది. (అప్పటికి ఏడేళ్ల కిందట ఆ ప్రభుత్వమే దేశం దాటించిన చివరి ఖలీఫా కూతురు దుర్రు షెహ్వార్, అదే ఏడాది మన నిజాం ఇంటికి కోడలైంది.) 1934 ఫిబ్రవరిలో టర్కీ, గ్రీసు, యుగోస్లావియా, రుమేనియా కలిసి ఏథెన్స్‌లో బాల్కన్ ఒప్పందం చేసుకున్నాయి. నవంబరు 24న మసీదును మ్యూజియం చేస్తూ మంత్రిమండలి తీర్మానం వచ్చింది. ఈ మార్పు తూర్పు ప్రపంచాన్నంతా సంతోషపెడుతుందని, మానవాళికి ఒక కొత్త విజ్ఞాన సంస్థ దక్కుతుందని అందులో రాశారు. పొరుగు దేశాలతో చెలిమి కోరుకున్న కొత్త రిపబ్లిక్ మాట అది. 

అప్పట్లో లోపల గోడల మీది పెద్ద గుండ్రటి పలకలను దించారు. అల్లా, ప్రవక్త, తొలి ఖలీఫాల పేర్లున్న ఆ పలకల వ్యాసం ఒక్కొక్కటీ ఏడున్నర మీటర్లు. తీరా చూస్తే అవి ఏ తలుపులోంచీ బయటికి పట్టలేదు. ఏళ్ల తరబడి లోపలే ఉండిపోయాయి, 1949లో మళ్లీ గోడకెక్కాయి. మ్యూజియం మొత్తం అలాగే నడిచిందనిపిస్తుంది.

మళ్లీ మసీదు చేయాలని కేసు వేసినవారు మొదట పట్టుకున్న దారి వేరు. తీర్మానం మీద ‘కె. అతాతుర్క్’ అని సంతకం ఉంది. ఆ ఇంటిపేరును పార్లమెంటు ముస్తఫా కెమాల్‌కు ఇచ్చింది సరిగ్గా ఆ నవంబరు 24నే. అధికార గెజిట్‌లో అచ్చయింది మరో మూడు రోజులకు. కాబట్టి సంతకం నకిలీ అన్నారు. కొన్నేళ్లు టీవీ చర్చలకు ఇది మంచి మేత అయింది, కోర్టులో నిలవలేదు. 2005లో ఒక సంఘం వేసిన కేసును అత్యున్నత పరిపాలనా న్యాయస్థానం 2008లో కొట్టేసింది.

నిలిచింది రెండో వాదన. వక్ఫ్ ఆస్తిని దాత రాసిన షరతుకు భిన్నంగా వాడే హక్కు ఎవరికీ లేదు, ప్రభుత్వం ధర్మకర్త మాత్రమే, మసీదు అని పట్టాలో రాసుకున్నదీ ప్రభుత్వమే. ఒప్పుకున్నా ఒప్పుకోకపోయినా ఈ వాదనలో బిగువు ఉంది. మ్యూజియం వైపువారు లౌకికవాదం గురించి, ప్రపంచ వారసత్వం గురించి గొప్పగా మాట్లాడారు. పట్టాకు సూటిగా జవాబు చెప్పినవారు అరుదు. ఇదే తర్కంతో ముందు ఇస్తాంబుల్‌లోనే ఉన్న చోరా చర్చి మ్యూజియం హోదా పోయింది. దాన్ని మ్యూజియం చేసిన 1945 నాటి తీర్మానం చెల్లదన్న తీర్పు 2019 నవంబరులో బయటికొచ్చింది. దాన్ని పట్టించుకున్నవారికి, హగియా సోఫియా మీది 1934 తీర్మానాన్ని కొట్టేసిన 2020 జులై 10 తీర్పు ఆశ్చర్యం కలిగించి ఉండదు.

అయితే పట్టా 1936 నుంచీ అక్కడే ఉంది. 2008లోనూ ఉంది. 2019 మార్చిలో ఒక సభలో హగియా సోఫియాను తెరవాలని జనం కేకలు వేస్తే అధ్యక్షుడు ఎర్దోగాన్, ముందు పక్కనున్న సుల్తాన్ అహ్మద్ మసీదును నింపమన్నారు. ఆ నెలాఖరుకే స్వరం మారింది. జూన్‌లో మళ్లీ జరిగిన ఇస్తాంబుల్ మేయర్ ఎన్నికలోనూ ఆయన పార్టీ ఓడింది. మరుసటి ఏడాది తీర్పు వెలువడిన రోజే అధ్యక్షుడి ఉత్తర్వు, రెండు వారాలకు జులై 24న తొలి శుక్రవారం నమాజు. కాగితం మారలేదు, దాన్ని చదివేవారి అవసరం మారింది.

ముందుగా తమతో చర్చించలేదని యునెస్కో విచారం వ్యక్తం చేసింది. ఆర్థడాక్స్ మతపెద్ద బర్తలొమ్యూ ముందే హెచ్చరించి చూశారు. టర్కీ ప్రభుత్వం ఇది తమ సార్వభౌమ హక్కు అంది.

ఆ తర్వాతి గొడవలన్నీ నిర్వహణ గురించే. పాలరాతి నేల మీద నీలిపచ్చ తివాచీ పరిచారు. నమాజు వేళ మేరీమాత మొజాయిక్‌కు తెర వేస్తున్నారు. 2022 ఏప్రిల్‌లో ఇంపీరియల్ గేటు చెక్క పెచ్చు ఊడిన ఫొటోలు బయటికొచ్చాయి. 2024 జనవరి నుంచి విదేశీ సందర్శకులు 25 యూరోల టిక్కెట్టు కొని పై అంతస్తుకు మాత్రమే వెళ్లాలి. విట్టెమోర్ బృందం వెలికితీసిన క్రీస్తు మొజాయిక్ అక్కడే ఉంది. కిటికీ వెలుగు ముఖం మీద పడుతుంది, కింది సగం ఎప్పుడో రాలిపోయింది. దాన్ని చూసి పిట్టగోడ దగ్గరికొస్తే కింద తివాచీ కనిపిస్తుంది, అక్కడికి దిగడానికి ఈ టిక్కెట్టు పనికిరాదు.