నిషేధం పోయింది, పన్ను మిగిలింది

తమిళనాడులో ఎన్నికలొచ్చిన ప్రతిసారీ టాస్మాక్, అంటే ప్రభుత్వమే నడిపే మద్యం దుకాణాల మాట వస్తుంది. మూసేస్తామని ఒకరు, తగ్గిస్తామని ఇంకొకరు అంటారు. ఓట్లు పడ్డాక కొన్ని వందల దుకాణాలు మూస్తారు. మిగతావి మధ్యాహ్నం 12 గంటలకు ఎప్పటిలాగే తెరుచుకుంటాయి. ఉత్తర చెన్నైలో వ్యాసర్పాడి, కొరుక్కుపేట వైపు మన తెలుగువాళ్ల ఇళ్లలో ఆడవాళ్లు ఓట్లడగడానికి వచ్చినవాళ్లను దీని గురించే నిలదీస్తారు. వాళ్లకు దొరికే జవాబు ఎప్పుడూ ఒకటే: "మూసేస్తే కల్తీసారా తాగి చస్తారమ్మా."

ఈ జవాబులో నిజమెంతో తెలియాలంటే చాలా వెనక్కి వెళ్లాలి. ఆ కథలో సగం మన తెలుగు జిల్లాల్లోనే నడిచింది.

కల్లూ సారా ఈ నేల మీద ఎప్పటినుంచో ఉన్నాయి. ఇంట్లో తాగడానికి చెట్టు గీసుకోవడం నేరమైంది మాత్రం ఇంగ్లీషువాళ్ల హయాంలో. దాని వెనక నీతి ఏమీ లేదు, ఉన్నదల్లా ఖజానా. గోదావరి ఏజెన్సీలో 1879లో రంప పితూరీ లేవడానికి ఒక పెద్ద కారణం కల్లు మీద వేసిన చిగురు పన్ను. తరతరాలుగా తమ జీలుగు చెట్లు తాము గీసుకు తాగుతున్న కొండవాళ్లను ఇకమీదట కంట్రాక్టరుకు డబ్బు కట్టి తాగమన్నారు. దానికి తోడు కొండ ఊళ్ల పెద్దలైన ముఠాదారుల మీద వాళ్ల పై జమీందారు మన్సబుదారు పెత్తనం, పోలీసుల దోపిడీ. అన్నీ కలిసి కొండలు అంటుకున్నాయి. ఆ తిరుగుబాటును అణచడానికి మద్రాసు ప్రభుత్వం సైన్యాన్ని పంపాల్సి వచ్చింది.

అయినా సర్కారు వెనక్కి తగ్గలేదు. 1886 మద్రాసు ఆబ్కారీ చట్టంతో సారా కాపు, అమ్మకం పూర్తిగా ప్రభుత్వ లైసెన్సు కిందికి వచ్చాయి. దుకాణాలు వేలం పాటలో ఇచ్చారు. ఊళ్లో కుండ పెట్టి కాచుకున్నవాడు దొంగయ్యాడు, పెద్ద డిస్టిలరీ పెట్టినవాడు వ్యాపారి అయ్యాడు. చెన్నైలో రోజూ మనం బస్సు దిగే ప్యారీస్ కార్నర్‌కు పేరిచ్చిన ఆ కంపెనీ కూడా ఒకప్పుడు సారా వ్యాపారంలో ఉన్నదే. నాటుసారా దొంగచాటు వ్యాపారం మద్యనిషేధంతో పుట్టిందని చాలామంది అనుకుంటారు. అది పుట్టింది లైసెన్సుతో. సర్కారు సారాకు పన్ను ఉంది కాబట్టి ధర ఎక్కువ. పన్ను కట్టని సారా చౌక. ఆ తేడా ఉన్నంతకాలం దొంగ బట్టీకి గిరాకీ ఉంటుంది.

1920ల నాటికి కల్లు దుకాణాల ముందు పికెటింగు స్వాతంత్ర్యోద్యమంలో భాగమైపోయింది. 1937లో కాంగ్రెస్ గెలిచి రాజాజీ మద్రాసు ప్రధాని (అప్పట్లో ముఖ్యమంత్రిని అలాగే అనేవారు) అయ్యారు. అప్పటికి ప్రెసిడెన్సీ ఆదాయంలో దాదాపు నాలుగో వంతు ఆబ్కారీదే. అయినా ఆ ఏడాది అక్టోబరు 1న తన సొంత జిల్లా సేలంలో నిషేధం పెట్టారు. మరుసటి ఏడాది చిత్తూరు, కడప జిల్లాలకు విస్తరించారు. అంటే ఈ ప్రయోగం రుచి మొదట చూసినవాళ్లలో రాయలసీమ జనం ఉన్నారు.

మరి పోయిన ఆదాయం మాటేమిటి? దానికి రాజాజీ కనిపెట్టిన దారి అమ్మకం పన్ను. మద్రాసు జనరల్ సేల్స్ టాక్స్ చట్టం 1939లో వచ్చింది. అన్ని రకాల సరుకుల మీదా పడే పన్ను ఈ దేశంలో ముందుగా ఇక్కడే మొదలైంది. తాగేవాడి జేబులోంచి వచ్చే డబ్బును అందరి జేబుల్లోంచి కొంచెం కొంచెంగా తీసుకోవడమన్నమాట. ఇళ్లు బాగుపడతాయంటే జనం ఆ భారం మోయడానికి సిద్ధపడ్డారు. న్యాయమైన బేరమే అది. తర్వాత జరిగినదంతా ఆ బేరాన్ని దృష్టిలో పెట్టుకుని చూడాలి.

ఆ మంత్రివర్గం 1939లో రాజీనామా చేసింది. యుద్ధకాలంలో గవర్నరు పాలన నిషేధాన్ని పక్కన పెట్టింది. మళ్లీ 1946లో టంగుటూరి ప్రకాశం ప్రభుత్వం కొన్ని జిల్లాల్లో మొదలుపెట్టగా, ఓమండూరు రామస్వామి రెడ్డియార్ హయాంలో 1948 అక్టోబరు 2 నాటికి మద్రాసు రాష్ట్రమంతా నిషేధం వచ్చింది. శ్రీకాకుళం నుంచి కన్యాకుమారి వైపు దాకా ఎక్కడా లైసెన్సు దుకాణం లేదు. ఉన్నదల్లా ఆరోగ్య కారణాల మీద డాక్టరు చీటీతో పర్మిట్లు. వాటిని ఎవరు తెచ్చుకోగలిగారో చెప్పనక్కర్లేదు.

పర్మిట్టు లేనివాడు ఏం చేశాడు? బట్టీ దగ్గరికి వెళ్లాడు. నల్లబెల్లం నీళ్లలో కలిపి, తుమ్మచెక్క దంచి వేసి, నవసాగరం చేర్చి కుండలో కొన్నాళ్లు పులియబెడతారు. అది ఊట. వాసన బయటికి రాకుండా కుండను మట్టిలో పూడ్చేవాళ్లు. ఊట పొంగి నురగ తగ్గాక పొయ్యి మీదికి ఎక్కించి, మూతి మీద చల్లటి నీళ్ల పాత్ర పెడితే ఆవిరి చల్లబడి గొట్టంలోంచి బొట్లుబొట్లుగా దిగుతుంది. నీళ్లు వేడెక్కినప్పుడల్లా మార్చాలి. మొదటి కాపు ఘాటు, అగ్గిపుల్ల గీస్తే మండుతుంది. తర్వాతది పల్చన. దీన్ని ఊళ్లోకి చేర్చడానికి సైకిలు ట్యూబులు, లారీ ట్యూబులు వాడేవాళ్లు. కొరుక్కుపేటలో మా పక్కింటి పెద్దమ్మ నెల్లూరు వైపు నుంచి కోడలిగా వచ్చిన మనిషి. ట్యూబు నడుముకు చుట్టుకుని, దాని మీద చీర కట్టుకుని, కడుపుతో ఉన్నట్టు నడిచి వచ్చేవాళ్లను తాను చూశానని చెబుతుంది. "పోలీసులకు తెలీక కాదు నాయనా, మామూలు ముట్టేది. ముట్టని రోజున పట్టుకునేవాళ్లు" అంటుంది. పట్టుబడేది మాత్రం మోసుకొచ్చే ఆడమనిషే. బెల్లం బస్తాలకు పెట్టుబడి పెట్టినవాడు ఎక్కడో మేడ మీద ఉండేవాడు.

నిషేధంతో ఎక్కువ దెబ్బతిన్నది గీత కార్మికులు. చెట్టు తప్ప ఇంకో బతుకు తెలియనివాళ్లు. వాళ్లకు నీరా (పులియని తీపి రసం) తీయమన్నారు, బెల్లం సహకార సంఘాలు పెట్టమన్నారు. అది కల్లు ఇచ్చే కూలికి సాటి రాలేదు. 1953లో ఆంధ్ర రాష్ట్రం విడిపోయినప్పుడు ఈ గోడు కొత్త ప్రభుత్వం నెత్తిన పడింది. ప్రభుత్వమే వేసిన రామమూర్తి కమిటీ నిషేధం తీసేయమని సలహా ఇచ్చింది. ముఖ్యమంత్రి ప్రకాశం పంతులు ఒప్పుకోలేదు. గౌతు లచ్చన్న గీత కార్మికులను కూడగట్టి సత్యాగ్రహం నడిపారు. 1954 నవంబరులో శాసనసభలో అవిశ్వాస తీర్మానం ఒక్క ఓటు తేడాతో నెగ్గింది, ప్రకాశం ప్రభుత్వం పడిపోయింది. ఆంధ్ర రాష్ట్రపు తొలి ప్రభుత్వమే కల్లు దగ్గర కూలిపోయిందన్న సంగతి మన పిల్లలకు ఏ పాఠంలోనూ చెప్పరు. చెప్పాలి. పంతులు గారి పట్టుదల గొప్పదే, కానీ చెట్టెక్కేవాడికి ముందే ఇంకో దారి చూపించి ఉంటే ఆ ఓటు అటు పడేది కాదని నాకనిపిస్తుంది. కాగితం మీద మాత్రం నిషేధం ఆంధ్ర జిల్లాల్లో 1960ల చివరి దాకా సాగింది.

తమిళనాడులో 1971 దాకా ఉంది. నిషేధం కొత్తగా పెట్టే రాష్ట్రాలకు నష్టంలో కొంత భర్తీ చేస్తామని అప్పట్లో కేంద్రం ముందుకొచ్చింది. మేం ఇన్నేళ్లుగా అమలు చేస్తున్నాం, మాకూ ఇవ్వండి అని కరుణానిధి అడిగారు. కేంద్రం కాదంది. ఆ ఆగస్టులో తమిళనాడు దుకాణాలు తెరిచింది. తొంభై దాటిన రాజాజీ వానలో తడుస్తూ కరుణానిధి ఇంటికి వెళ్లి వద్దని బతిమాలారని ఇప్పటికీ చెప్పుకుంటారు. కల్లు దుకాణాలను 1973లో, సారా దుకాణాలను 1974లో మళ్లీ మూశారు. కానీ ఆ మూడేళ్లలో ఒక తరం కొత్తగా తాగుడు నేర్చుకుంది. ఎంజీఆర్ మొదట నిషేధాన్ని గట్టిగా అమలు చేశారు, శిక్షలు పెంచారు. తర్వాత ఆయనే 1981లో ఎత్తేశారు. 1983లో హోల్‌సేల్ అమ్మకాల కోసం టాస్మాక్ పుట్టింది. 1987 నుంచి కల్లు, సారా రెండూ బందయ్యాయి, సీసాల్లో వచ్చే బ్రాందీ, విస్కీ మాత్రం నిలిచాయి. చెట్టు నుంచి దిగేది నేరం, ఫ్యాక్టరీ నుంచి దిగేది సర్కారు సరుకు. 1886 నాటి లెక్కే ఇది. ఇందులో నాకు న్యాయం కనిపించదు.

అటు ఆంధ్రప్రదేశ్‌లో 1980ల్లో ప్రభుత్వం 'వారుణి వాహిని' పేరిట సారాను ప్యాకెట్లలో పోసి ఊరూరికీ చేర్చింది. మంచినీళ్లు రాని పల్లెకు కూడా సారా ప్యాకెట్టు వేళకు వచ్చేది. కూలి డబ్బులు ఇంటికి చేరకముందే అయిపోయేవి. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో ఆడవాళ్లు తిరగబడ్డారు. అక్షరాస్యత తరగతుల్లో, ఒక ఊరి ఆడవాళ్లు ఏకమై సారా కొట్టు మూయించిన కథ చదివారు. మనమెందుకు చేయకూడదనుకున్నారు. చీపుర్లు, కారప్పొడి పట్టుకుని సారా బండ్లకు అడ్డం నిలబడ్డారు. ఆ ఊరి రోశమ్మ పేరు రాష్ట్రమంతా మారుమోగింది. నెల్లూరులో సారా వేలం పాటలు మాటిమాటికీ వాయిదా పడ్డాయి. ఏ పార్టీ పిలుపూ లేకుండా పల్లెటూరి ఆడవాళ్లు ఒక ప్రభుత్వ ఆదాయాన్ని ఆపగలిగారు. నాకు తెలిసినంతలో మన తెలుగు నేల మీద ఇంత సూటైన ఉద్యమం ఇంకొకటి లేదు.

కోట్ల విజయభాస్కరరెడ్డి ప్రభుత్వం 1993లో ముందు నెల్లూరులో, అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతటా సారాను నిషేధించింది. 1994 డిసెంబరులో ఎన్టీఆర్ ప్రమాణం చేసిన వేదిక మీదే మద్యనిషేధం ఫైలు మీద సంతకం పెట్టారు. 1995 జనవరిలో సంపూర్ణ నిషేధం అమల్లోకి వచ్చింది.

ఇక్కడ సరిహద్దు సంగతి చెప్పుకోవాలి. తమిళనాట నిషేధం, అటు ఆంధ్రలో దుకాణాలు ఉన్న రోజుల్లో సరుకు తడ మీదుగా దక్షిణానికి వచ్చేది. 1995 తర్వాత అదే దారిలో ఉత్తరానికి వెళ్లడం మొదలైంది. చెక్‌పోస్టు అదే, రోడ్డు అదే. కర్ణాటక, మహారాష్ట్ర సరిహద్దుల్లోనూ ఇదే తంతు. గోదావరి జిల్లాలకైతే నడిమధ్యలో యానాం ఉండనే ఉంది. చుట్టూ దుకాణాలు పెట్టుకుని మధ్యలో ఒక్క రాష్ట్రం తలుపు మూస్తే ఏమవుతుందో రెండేళ్లలో తేలింది. ఆదాయం లేదు, అప్పులు పెరిగాయి, దొంగసరుకు ఆగలేదు అని చెప్పి చంద్రబాబు ప్రభుత్వం 1997లో నిషేధం ఎత్తేసింది. సారా మీద నిషేధం మాత్రం ఉంచింది. తర్వాత బెల్టుషాపులు వచ్చాయి. 2019లో దశలవారీ నిషేధం అంటూ ప్రభుత్వ దుకాణాలు, 2024లో మళ్లీ ప్రైవేటు దుకాణాలు.

తమిళనాడు 2003లో చిల్లర అమ్మకాలను కూడా టాస్మాక్ చేతికిచ్చింది. అప్పటినుంచి లెక్క మారిపోయింది. 2023-24లో టాస్మాక్ నుంచి ఖజానాకు వచ్చింది 45 వేల కోట్ల రూపాయల పైమాటే. అప్పటికి దుకాణాలు సుమారు 4,800. మరి మద్యం ఆదాయం పోతుందని 1939లో వేసిన అమ్మకం పన్ను ఏమైంది? అది పోలేదు. ముందు వ్యాట్‌లోకి, తర్వాత జీఎస్టీలోకి పేరు మార్చుకుంటూ పెరిగింది. బియ్యం సంచీ కొనే ఇల్లాలు ఆ పన్నూ కడుతోంది, మొగుడి చేతిలోంచి క్వార్టర్ సీసా పన్నూ కడుతోంది. బేరంలో రెండో సగమైన నిషేధాన్ని ప్రభుత్వాలు మాట్లాడకుండా తీసేశాయి. దీన్ని ఏ పార్టీ ప్రచారంలోనూ నేను వినలేదు. ఇంకో విషయం, ఈ దుకాణాలు నడుస్తున్నది రాజాజీ తెచ్చిన 1937 మద్యనిషేధ చట్టం కిందే. దుకాణాలను చూసే శాఖ పేరు ఇప్పటికీ మద్యనిషేధ, ఎక్సైజు శాఖే.

ఇక "మూసేస్తే కల్తీసారా" అన్న వాదన. 2023 మేలో మరక్కాణం, చెంగల్పట్టు వైపు కల్తీసారా తాగి 20 మందికి పైగా చనిపోయారు. 2024 జూన్‌లో కళ్లకురిచి పట్టణంలోని కరుణాపురంలో మొదలైన చావులు 60 దాటాయి. అప్పుడు రాష్ట్రంలో నిషేధం లేదు. దుకాణాలన్నీ తెరిచే ఉన్నాయి. చనిపోయినవాళ్లలో ఎక్కువమంది రోజుకూలీలు, మూటలు మోసేవాళ్లు. టాస్మాక్‌లో అతి చౌక క్వార్టర్ కూడా 100 రూపాయలు దాటిపోయింది, ప్యాకెట్టు అందులో సగానికి దొరికింది. వాళ్లు అటువైపు వెళ్లడానికి కారణం అంతే.

వాళ్లను చంపింది బెల్లం ఊట కాదు, ఫ్యాక్టరీల్లో వాడే మిథనాల్. బెల్లంతో కాచిన నాటుసారా కాలేయాన్ని, కాపురాన్ని తినేస్తుంది గానీ ఒక్క రాత్రిలో వీధివీధంతా చంపదు. మిథనాల్ లోపలికి వెళ్లాక ఫార్మిక్ ఆమ్లంగా మారుతుంది, ముందు కంటి నరాన్ని పట్టుకుంటుంది. కళ్లు మసకబారాయి, కడుపులో మంట అని మనిషి చెప్పేసరికి కొన్ని గంటలు గడిచిపోతాయి. వెంటనే ఆసుపత్రికి చేరిస్తే విరుగుడు మందుతో, డయాలిసిస్‌తో కాపాడొచ్చు. పోలీసులకు చెబితే ఏమవుతుందోనన్న భయంతో ఇంట్లో ఉండిపోయినవాళ్లు చాలామంది ఉంటారు. మరక్కాణం కేసులో ఆ మిథనాల్ చెన్నై శివారులోని ఒక రసాయన ఫ్యాక్టరీ నుంచి వెళ్లిందని పోలీసులు చెప్పారు.

కళ్లకురిచి తర్వాత తమిళనాడు ఆ నెలాఖరుకే చట్టాన్ని సవరించింది. కల్తీసారా వల్ల చావులు జరిగితే అమ్మినవాడికి యావజ్జీవ శిక్ష, 10 లక్షల రూపాయలకు తగ్గని జరిమానా. మద్రాసు హైకోర్టు కేసును సీబీఐకి అప్పగించింది. శిక్ష పెంచడం మంచిదే. కానీ ఎంజీఆర్ కాలంలోనూ శిక్షలు పెంచారు, ట్యూబు మోసేవాళ్లే జైలుకు వెళ్లారు. ఈసారి ఫ్యాక్టరీ గేటు దాటిన ప్రతి డ్రమ్ము మిథనాల్ ఎవరి చేతిలోకి పోయిందో లెక్క చూడాలి, ఆ లెక్క తప్పితే ఫ్యాక్టరీవాడిని బోనెక్కించాలి. మామూలు తిన్న స్టేషను అధికారికి సస్పెన్షన్‌తో సరిపెట్టకుండా కేసు పెట్టాలి. టాస్మాక్ తెచ్చే 45 వేల కోట్లలోంచి ప్రతి తాలూకా ఆసుపత్రికీ తాగుడు మాన్పించే వార్డు ఒకటి, విరుగుడు మందు నిల్వ ఒకటి ఇవ్వడం ఈ ప్రభుత్వానికి భారం కాదు. వ్యాసర్పాడి ఆడవాళ్లు ఓట్లడగడానికి వచ్చినవాళ్లను ఈ మూడూ విడివిడిగా అడగాలి.