మళ్ళీ చూసిన ‘సాగర సంగమం’: ఒక ఎడిటర్ చెప్పే అపోహలు - వాస్తవాలు

అపోహ: బొట్టు సీన్ అంటే బాలు సీన్.

వాస్తవం: భర్త పోయిన సంగతి తనని ప్రేమించిన నాట్యకారుడు బాలుకి (కమల్ హాసన్) తెలియకూడదని మాధవి (జయప్రద) బొట్టు పెట్టుకుంటుంది. వాన చినుకులకు ఆ బొట్టు చెరిగిపోకుండా బాలు చెయ్యి అడ్డం పెడతాడు. ఇరవై ఏళ్ళప్పుడు మనకి ఆ చెయ్యే కనిపిస్తుంది. తనకి దక్కకపోయినా ఆమె పసుపుకుంకాలతో చల్లగా ఉండాలనుకునే మనసు! ఏడ్చేస్తాం. నలభై దాటాక చూపు చేతి కిందికి, ఆవిడ ముఖం మీదికి వెళ్తుంది. బాలు కాపాడుతున్నది అబద్ధమని ఆవిడకి తెలుసు. నిజం చెప్తే అతనేమైపోతాడో, చెప్పకపోతే తనెన్నాళ్ళు మొయ్యాలో. నోరు విప్పే వీల్లేదు కాబట్టి ఆ భారమంతా జయప్రద కళ్ళతోనే చూపించాలి. ఒకరు చేసేదానికి ఎదుటివాళ్ళ ముఖం ఎలా స్పందిస్తోందో చూపే ఇలాంటి షాట్‌ని మా పనిలో రియాక్షన్ షాట్ అంటాం. కుర్రతనంలో ప్రేక్షకుడు చేసేవాణ్ణి చూస్తాడు, వయసొచ్చాక భరించేవాళ్ళని చూస్తాడు. ఫ్రేములో ఇద్దరూ మొదటినుంచీ ఉన్నారు.

అపోహ: రఘు సైడ్ క్యారెక్టర్.

వాస్తవం: యాభైల్లో ఉన్నవాళ్ళని అడగండి! తాగి పాడైపోతున్న స్నేహితుడు బాలుని చివరిదాకా కనిపెట్టుకుని ఉన్నది రఘుగా చేసిన ఆ శరత్‌బాబే. నన్నడిగితే సినిమాలో అసలు ప్రేమకథ వీళ్ళిద్దరిదే. ఈ మాటకి మా ఇంట్లో ఎవరూ ఒప్పుకోరు.

అపోహ: బాలు ప్రేమ విఫలమై తాగుబోతయ్యాడు.

వాస్తవం: అదొక్కటే కాదు. ఢిల్లీ నృత్యోత్సవం ఆహ్వానపత్రికలో తన ఫొటో చూసుకుని పొంగిపోయిన మనిషికి, తల్లి చనిపోవడంతో ఆ వేదికే దక్కలేదు. కెరీర్‌లో ఒక దెబ్బ తిన్నాక చూడండి, ఆ సీన్ ఎక్కడ తగులుతుందో.

అపోహ: వయసు మళ్ళిన బాలుగా చేసేనాటికి కమల్ హాసన్‌కీ వయసు వచ్చేసింది.

వాస్తవం: 1983లో సినిమా విడుదలైనప్పుడు ఆయనకి 28 ఏళ్ళే.

అపోహ: సినిమా అదే, మారింది మనమే.

వాస్తవం: సగమే నిజం. చాలామంది దీన్ని టీవీలోనే చూసుంటారు. ఫిల్మ్ సెకనుకు 24 ఫ్రేములు, మన పాత టీవీ పద్ధతి 25. వేగం పెంచి ఎక్కించిన కాపీలో రెండున్నర గంటల సినిమా ఆరు నిమిషాలు ముందే అయిపోతుంది, శ్రుతి కూడా కాస్త పెరుగుతుంది. ఆపైన యాడ్ల కోసం కోతలు. టైమ్ సరిపెట్టడానికి ముందుగా ఎగిరిపోయేవి మాటల్లేని షాట్లే, అంటే మాధవీ రఘూ ఊరికే చూస్తూ ఉండేవి. పూర్తి నిడివి కాపీ దొరికితే అది చూడండి, ఫోన్ పక్కన పెట్టి.