నియామకం ఒకరిది, ఆమోదం మరొకరిది

కర్నూలులోని ఒక ఎయిడెడ్ (ప్రైవేటు యాజమాన్యం నడిపే, ప్రభుత్వం జీతాలిచ్చే) పాఠశాల హాజరు పట్టీలో చివరి పేరు ఎర్ర సిరా గీతకు దిగువన ఉంటుంది. ఆ ఉపాధ్యాయుడు పదో తరగతికి లెక్కలు చెబుతారు, పేపర్లు దిద్దుతారు, మధ్యాహ్న భోజనం వడ్డించేచోట నిలబడతారు. అయినా నియామకానికి విద్యాశాఖ ఆమోదం రానందున ఖజానా లెక్కలో ఆయన లేరు. యాజమాన్యం చేతిలో పెట్టిందే జీతం. దీన్ని గుమాస్తాల అలసత్వంగా కొట్టిపారేయడం తేలికే గానీ, ఈ జాప్యం వేళ్లు అంతకంటే లోతుగా ఉన్నాయి.

ప్రైవేటు బడులకు సర్కారు గ్రాంటు ఇచ్చే పద్ధతికి 1854 నాటి వుడ్ డిస్పాచ్ అనే బ్రిటిష్ విద్యా విధాన పత్రం దారి వేసింది. అప్పటి మద్రాసు ప్రెసిడెన్సీలోని దత్త మండలాలలో, కర్నూలులో అమెరికన్ బాప్టిస్టులు, కడపలో లండన్ మిషనరీ సొసైటీ నడిపిన బడుల వంటివి ఆ పద్ధతి కింద పెరిగాయి. పంతులును ఎంచుకునేది మేనేజరు, ఖర్చులో కొంత భరించేది ప్రభుత్వం. కాలక్రమంలో ఆ 'కొంత' మంజూరైన పోస్టుకు పూర్తి జీతంగా మారింది. ఎంపిక హక్కు మాత్రం యాజమాన్యం దగ్గరే మిగిలింది. దాంతో ఆమోదమంటే ఖజానా తలుపు తీసే సంతకమైంది.

1982 ఆంధ్రప్రదేశ్ విద్యా చట్టం, దాని కింద 1994 జనవరి 1న జీవో నంబరు 1గా వెలువడిన నిబంధనలు ఈ సంతకానికి ఒక క్రమం ఏర్పరచాయి: ఖాళీ భర్తీకి ముందస్తు అనుమతి, ప్రకటన, ఎంపిక కమిటీ, ఆపైన ప్రతిపాదనలు. ఇందులో ఏ మెట్టు దగ్గరైనా కొర్రీ వేసి ఫైలును వెనక్కి పంపవచ్చు. అసలు బిగింపు 2004 అక్టోబరు 20 నాటి ప్రభుత్వ మెమోతో వచ్చింది. అది ఎయిడెడ్ ఖాళీల భర్తీని నిలిపివేసింది. రిటైరైనవారి కుర్చీలు అలాగే ఉండిపోగా, రాజ్యాంగం 30(1) అధికరణం తమకు ఎంపిక స్వేచ్ఛ ఇచ్చిందంటూ మైనారిటీ యాజమాన్యాలు కోర్టుకెక్కాయి. ఎయిడ్ పొందడం ప్రాథమిక హక్కు కాదని సుప్రీంకోర్టు 2021లో ఉత్తరప్రదేశ్ కేసులో స్పష్టం చేశాక ఆ వాదనకు పదును కొంత తగ్గిందనే చెప్పాలి.

ఇక పరిష్కారం సంగతి. 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ వేయడమే ప్రధాన మార్గం. కోస్తా, రాయలసీమ నేతల మధ్య కుదిరిన 1937 శ్రీబాగ్ ఒడంబడికలో రాజధాని గానీ హైకోర్టు గానీ కోరుకునే అవకాశం దక్కిన సీమకు 1953లో కర్నూలు రాజధాని అయింది. హైకోర్టు మాత్రం 1954లో గుంటూరుకు, 1956లో హైదరాబాదుకు, 2019లో అమరావతికి చేరింది. అందుకే ఇక్కడి అయ్యవారు నేటికీ రాత్రి బస్సెక్కి విజయవాడ వైపు వెళ్లి వకీలును కలవాలి.

అంత దూరం వెళ్లాక తరచు దొరికే ఉత్తర్వు, వినతిని ఇన్ని వారాల్లో పరిశీలించి తగు నిర్ణయం తీసుకోమన్నదే. అధికారి పరిశీలిస్తారు, 'నిషేధం అమలులో ఉన్నందున తిరస్కరించడమైనది' అని ఒక్క వాక్యం రాస్తారు. కోర్టు ఉత్తర్వు పాటించినట్టే, మళ్లీ రెండో రిట్. ఉత్తర్వును బొత్తిగా పట్టించుకోకపోతే కోర్టు ధిక్కారం కింద వెళ్లవచ్చు గానీ, 1971 చట్టం ప్రకారం దానికి ఏడాదే గడువు. కాబట్టి మొదటి రిట్‌కు ముందే సమాచార హక్కు చట్టం కింద నోట్ ఫైలు (అధికారులు అభిప్రాయాలు రాసే ఫైలు) నకలు అడిగి, ఏ కొర్రీ దగ్గర ఆగిందో తెలుసుకోవడం మేలు. 30 రోజుల్లో జవాబు రావాలి.

ఆమోదం వచ్చినా ఏ తేదీ నుంచి అన్నది మరో తగాదా. జీతం వంటి కొనసాగే నష్టాలలో ఆలస్యంగా కోర్టుకు వచ్చినవారికి బకాయిలను సాధారణంగా పిటిషన్‌కు ముందు మూడేళ్లకే పరిమితం చేయాలని 2008లో తర్సేమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. దీనికి తోడు మన రాష్ట్రంలో కాంట్రిబ్యూటరీ పెన్షన్ (ఉద్యోగి జీతం నుంచీ వాటా కట్టే కొత్త పెన్షన్) 2004 సెప్టెంబరు 1 నుంచి నియమితులైనవారికి వర్తించింది. నిషేధపు మెమో ఆ తర్వాత నలభై తొమ్మిది రోజులకే వచ్చింది. ఆ సెప్టెంబరు 1కి ముందే చేరి, ఎన్నో ఏళ్లకు ఆమోదం పొందిన ఉపాధ్యాయుడికి పాత పెన్షనా కొత్తదా అన్నది, ఉత్తర్వులో 'చేరిన తేదీ నుంచి' అని రాశారా, 'ఆమోదించిన తేదీ నుంచి' అని రాశారా అన్న దాని మీద నడుస్తుంది.