కామిల్లస్ గురించి పిల్లలకు ఒక ఉత్తరం

చిరంజీవులకు ఆశీస్సులు.

రోమ్ అనగానే మీకు జూలియస్ సీజర్ గుర్తుకు వస్తాడు. ఆయనకు మూడు శతాబ్దాలకు పైగా ముందు, రోమ్ ఇంకా టైబర్ నది ఒడ్డున ఒక చిన్న నగర రాజ్యంగా ఉన్న రోజుల్లో, మార్కస్ ఫ్యూరియస్ కామిల్లస్ అనే సేనాని ఉండేవాడు. రోమన్లు ఆయనను రోములస్ తరువాత నగరానికి రెండో స్థాపకుడని గౌరవించారు. యుద్ధాలే ఆయనకు పేరు తెచ్చినా, తన ప్రజలతో ఆయనకు వచ్చిన తగాదాలు, అవి చివరకు తీరిన పద్ధతి నాకు అంతకంటే ముఖ్యమైనవిగా తోస్తాయి.

రోమ్‌కు సుమారు 16 కిలోమీటర్ల దూరంలో వేయీ అనే ఎట్రుస్కన్లు అనే పొరుగు జాతివారి సంపన్న నగరం ఉండేది. దాని ముట్టడి పదేళ్లు సాగిందని చెబుతారు. సైనికులందరూ రైతులే కనుక, అంతకాలం పొలాలు వదిలి రావలసిన వారికి జీతం ఇవ్వడం ఆ యుద్ధ కాలంలోనే మొదలైందని చరిత్రకారుడు లివీ రాశాడు. క్రీ.పూ. 396లో కామిల్లస్‌ను నియంతగా నియమించారు. నియంత అంటే అప్పట్లో ఆపద వేళ ఆరు నెలలకు మించకుండా చట్టప్రకారం ఇచ్చే పదవి. ఆయన కోట కిందుగా సొరంగం తవ్వించి నగరాన్ని పట్టుకున్నాడని కథనం. అయితే నాలుగు తెల్ల గుర్రాల రథంపై ఊరేగి రావడం దేవుళ్లతో పోటీ పడినట్లు ఉందని జనం నొచ్చుకున్నారు. అపోలోకు మొక్కుకున్నానంటూ దోపిడి సొమ్ములో పదో వంతు తిరిగి ఇమ్మనడంతో సైనికులూ మండిపడ్డారు.

రెండేళ్ల తరువాత ఫలేరీ నగరాన్ని ముట్టడించినప్పుడు, అక్కడి ఉపాధ్యాయుడొకడు పెద్దింటి పిల్లలను నడక పేరుతో బయటికి తెచ్చి రోమన్ల చేతికి అప్పగించబోయాడట. కామిల్లస్ ఆ ద్రోహిని కట్టించి, పిల్లల చేతికి బెత్తాలిచ్చి, వాడిని కొట్టుకుంటూ ఊరికి తీసుకుపొమ్మన్నాడట. ఆ న్యాయబుద్ధి చూసి నగరం లొంగిపోయిందని లివీ అంటాడు.

అయినా వేయీ సొమ్ము విషయంలో అభియోగం రాగా ఆయన ఆర్డియాకు ప్రవాసం వెళ్లవలసి వచ్చింది. సంప్రదాయ లెక్కలో క్రీ.పూ. 390లో గాల్ జాతివారు అల్లియా నది వద్ద రోమన్లను చిత్తుచేసి నగరాన్ని దోచారు. కామిల్లస్ వచ్చి వారిని తరిమేశాడని లివీ చెబుతాడు. లివీ కంటే ముందు కాలపు చరిత్రకారుడైన పాలిబియస్ మాత్రం వారు సొమ్ముతో క్షేమంగా వెళ్లిపోయారంటాడు. నేను పాలిబియస్ మాటనే నమ్ముతాను, ఎందుకంటే ఓడిన ఊరికి తన పరువు నిలిపే కథ అవసరమవుతుంది. తరువాత కాలిన ఇళ్లు చూసి జనం వేయీకి తరలిపోదామనుకుంటే, కామిల్లస్ మన దేవాలయాలు ఇక్కడే ఉన్నాయని వాదించి వారిని ఆపాడని చెబుతారు.

ఏటా ఎన్నికై రోమ్‌ను పాలించే ఇద్దరు కాన్సుల్‌లలో ఒకరు సామాన్యులైన ప్లెబియన్ల నుంచి ఉండాలని వారు ఏళ్ల తరబడి పోరాడారు. కులీనుడైన కామిల్లస్ మొదట వారికి ఎదురు నిలిచాడు. కానీ క్రీ.పూ. 367లో, ఐదోసారి నియంతగా ఉన్నప్పుడు, ఆయనే రాజీ కుదిర్చి సామరస్య దేవతకు గుడి కట్టిస్తానని మొక్కుకున్నాడు. మరుసటి ఏడాది లూసియస్ సెక్స్టియస్ తొలి ప్లెబియన్ కాన్సుల్ అయ్యాడు. ఆ పై ఏడాది వచ్చిన మహమ్మారిలో కామిల్లస్ మరణించాడు.

ఇట్లు,
మీ తాతయ్య