సైనికుడు క్యారెక్టర్ ఆర్టిస్ట్ అయితే: అపోహలు - వాస్తవాలు

యూనిఫాం విప్పేసి మేకప్ వేసుకోవడం మొదలుపెట్టాక నన్ను చాలామంది చాలా అడిగారు. అడక్కుండానే తేల్చేసినవాళ్లు ఇంకా ఎక్కువ. వాళ్ల మాటలే ఇక్కడ అపోహలు.

అపోహ: సైన్యంలో పనిచేసినవాడికి సైనికుడి వేషం నల్లేరు మీద నడక.

వాస్తవం: నా మొదటి షాట్‌లో నేను కల్నల్‌ని. గదిలోకి వచ్చి, కూర్చుని, ఫైలు తెరుస్తూ ఒక్క డైలాగ్ చెప్పాలి. ఏడు టేకులు తిన్నాను. ఫైలు ఒక్కో టేకులో ఒక్కో మాట దగ్గర తెరిచాను మరి, ఎడిటింగ్‌లో అది అతకదు. నేల మీద టేప్ అంటించిన చోట ఆగాలి, కానీ టేప్ వైపు చూడకూడదు. ఇరవై ఏళ్లు కవాతు చేసిన కాళ్లు అక్కడ తడబడ్డాయి.

ఇలా అంటే వెంటనే ఆర్. లీ ఎర్మీ పేరు చెబుతారు. అమెరికా మెరైన్ కోర్‌లో 11 ఏళ్లు ఉండి, కొత్తవాళ్లకు డ్రిల్ నేర్పిన మనిషి. 1987లో వచ్చిన 'ఫుల్ మెటల్ జాకెట్'కు సలహాదారుగా వెళ్లి, తిట్ల ధాటితో వేషమే కొట్టేశాడు. నిజమే. కానీ 1978లోనే ఓ సినిమాలో డ్రిల్ ఇన్‌స్ట్రక్టర్‌గా చేశాడన్న సంగతి ఎవరూ ఎత్తరు. కెమెరా ఆయనకు కొత్త కాదు.

అపోహ: ఇక జీవితాంతం యూనిఫాం వేషాలే.

వాస్తవం: సగం నిజం. పిలిచేవాళ్లు ముందు వాటికే పిలుస్తారు. అయినా అమెరికా నటుడు చార్లెస్ డర్నింగ్‌ని చూడండి. రెండో ప్రపంచ యుద్ధంలో, 1944లో ఫ్రాన్స్‌లోని నార్మండీలో పోరాడి, గాయాలతో బయటపడ్డాడు, కొన్నాళ్లు డాన్స్ నేర్పి పొట్టపోసుకున్నాడు. తొలి ఆస్కార్ నామినేషన్ వచ్చింది ఆడుతూ పాడుతూ ప్రశ్నలు దాటేసే గవర్నర్ వేషానికి!

నా చిక్కల్లా ఒంటితోనే. ఓ తాతయ్య వేషంలో దర్శకుడు నవ్వాపుకుంటూ, "సార్, సోఫా దగ్గరికి కవాతు చేస్తున్నారు" అన్నాడు. ఆ తర్వాత నడుం నొప్పితో బాధపడే పక్కింటి పెద్దాయన్ని వారం రోజులు గమనించాను. లేచేటప్పుడు ఆయన చెయ్యి ముందు వెళ్లేది మోకాలి మీదికి కాదు, టీపాయ్ మీదికి. అది దొరికాకే నా వీపు వంగింది.

అపోహ: తుపాకి సీన్లు మాజీ సైనికులకు వదిలేస్తే చాలు.

వాస్తవం: సెట్లో తుపాకి బాధ్యత ఆర్మరర్‌ది, అంటే ఆయుధాలు చూసుకునే మనిషిది. ఆయన నాకంటే సగం వయసు కుర్రాడైనా సరే, ఆయన ఇచ్చినప్పుడే తీసుకుంటాను, కట్ అనగానే తిరిగి ఇచ్చేస్తాను. షూటింగ్‌లో వాడే ఉత్తుత్తి తూటా, అదే బ్లాంక్‌లో, గుండు లేకపోయినా పేలుడు ఉంటుంది. 1984లో జాన్ ఎరిక్ హెక్సమ్ అనే నటుడు సెట్లో బ్లాంక్ ఉన్న రివాల్వర్‌ని సరదాకి కణతకు పెట్టుకుని పేల్చి ప్రాణాలు పోగొట్టుకున్నాడు. నన్నడిగితే అనుభవం ఉన్నవాళ్లతోనే ఎక్కువ టెన్షన్. చెయ్యి ఆలోచించకుండా పనిచేసేస్తుంది.

అపోహ: ఈ వయసులో ఏం మొదలుపెడతాం?

వాస్తవం: అచ్యుత్ పోత్దార్ సైన్యంలో కెప్టెన్‌గా చేసి, ఇండియన్ ఆయిల్‌లో ఉద్యోగం చేస్తూ నలభై దాటాక సినిమాల్లోకి వచ్చారు. వందకు పైగా చేశారు. మన వేషాలకు ముడతలే పెట్టుబడి.

అపోహ: చావుని దగ్గర్నుంచి చూసినవాడికి ఏడుపు సీన్ తేలిక.

వాస్తవం: ఒక్కసారి ప్రయత్నించాను. పోయిన స్నేహితుణ్ని తలుచుకున్నాను. మొదటి టేకుకి సెట్టంతా నిశ్శబ్దం. "బ్రహ్మాండం సార్, ఇప్పుడు క్లోజప్" అన్నారు. ఆ తర్వాత ఇంకో యాంగిల్. నాలుగోసారికి వాడి ముఖం గుర్తొచ్చినా కన్ను చెమర్చలేదు. వాణ్ని వాడేసుకున్నానని సిగ్గేసింది, రాత్రి నిద్ర లేదు.

ఇప్పుడు అలాంటి సీన్లలో చొక్కా గుండీ పెట్టుకుంటూ ఉంటాను. నా ధ్యాసంతా గుండీ మీదే. అది కాజాలో పడకుండా చూసుకుంటాను, అంతే.