రాబర్ట్ జేమ్సన్ మీద అపోహలు, వాస్తవాలు: ఒక రాళ్ల మ్యూజియం మనిషి మాట

రాళ్ల మ్యూజియంలో పని అనగానే చాలామంది అడిగేది ఒకటే: "రోజంతా అక్కడ ఏం చేస్తారండీ?" జియాలజీ చదివినవాళ్లయితే ఇంకో చురక వేస్తారు: "డార్విన్‌కి విసుగు పుట్టించిన ప్రొఫెసర్ మీ బాపతేగా!" అవును, మా బాపతే. పేరు రాబర్ట్ జేమ్సన్. 1774లో ఎడిన్‌బరా పక్కనున్న లీత్ రేవులో పుట్టాడు. 1804 నుంచి 1854లో పోయేదాకా ఎడిన్‌బరా యూనివర్సిటీలో నేచురల్ హిస్టరీ ప్రొఫెసర్, అక్కడి మ్యూజియం బాధ్యత కూడా ఆయనదే. ఆయన మీద ఉన్న అపోహల్లో సగం మా వృత్తి మీద ఉన్నవే, అందుకే రెండూ కలిపి రాస్తున్నా.

అపోహ: బసాల్ట్ (లావా గడ్డకట్టిన నల్లరాయి) నీళ్లలో పుట్టిందని నమ్మిన అమాయకుడు.

నమ్మాడు, అది తప్పు కూడా. కానీ అమాయకుడు కాదు. 1800లో జర్మనీలోని ఫ్రైబర్గ్ వెళ్లి అక్కడి పేరుమోసిన జియాలజీ గురువు వెర్నర్ దగ్గర చదువుకున్నాడు. దాదాపు శిలలన్నీ ఒకప్పటి మహాసముద్రంలో పొరలుపొరలుగా దిగినవేనని వెర్నర్ చెప్పేవాడు. ఇప్పుడు నవ్వొస్తుంది గానీ, అక్కడి షైబెన్‌బెర్గ్ కొండ మీద కింద ఇసుక, దాని పైన బంకమట్టి, ఆ పైన బసాల్ట్ వరసగా కనిపిస్తాయి, చూసినవాడికి ఒకదాని మీద ఒకటి పేరుకున్నట్టే అనిపిస్తుంది. అంత దూరం ఎందుకు, మన రాజమండ్రి దగ్గర కాతేరులో లావా పొరల మధ్య గవ్వలున్న సున్నపురాయి ఉంది. పాఠం చెప్పకుండా ఒక కొత్త కుర్రాణ్ణి అక్కడ నిలబెడితే ఏమంటాడో, నేనైతే పందెం కాయను.

అయితే ఎడిన్‌బరాలోనే, ఊరిని ఆనుకుని ఉన్న సాలిస్‌బరీ క్రాగ్స్‌లో, కరిగిన రాయి పాత పొరల మధ్యకి చొచ్చుకొచ్చిన ఆనవాళ్లను జేమ్స్ హటన్ అనే జియాలజిస్టు అప్పటికే చూపించాడు. అదే కొండ దగ్గర నిలబడి జేమ్సన్, చుట్టూ అగ్నిశిలలు పెట్టుకుని, ఇది పైనుంచి మట్టి నిండిన చీలిక అని పాఠం చెప్పి, కిందనుంచి వచ్చిందనేవాళ్లను వెక్కిరించాడని డార్విన్ రాసుకున్నాడు. ఈ విషయంలో ఆయన్ని వెనకేసుకురావడం నా వల్ల కాదు. తర్వాత ఆ పట్టు తనే వదిలేశాడు, కానీ ఎందుకో ఆ సంగతి ఎవరూ చెప్పరు.

అపోహ: డార్విన్ ఆయన దగ్గర ఏమీ నేర్చుకోలేదు.

1826-27లో ఆయన క్లాసులో కూర్చుని, ఇక జన్మలో జియాలజీ పుస్తకం ముట్టనని అనుకున్నానని డార్విన్ ముసలితనంలో రాశాడు. కానీ జేమ్సన్ రాసిన ఖనిజాల పుస్తకం డార్విన్ కాపీ ఇప్పటికీ ఉంది, అంచుల్లో డార్విన్ నోట్సు కనిపిస్తాయి. మ్యూజియంలో జేమ్సన్ సహాయకుడు మెక్‌గిలివ్రేతో పక్షుల గురించి, గుల్లల గురించి మాట్లాడుతూ గడిపాడు. ప్రకృతి శాస్త్రం మీద విద్యార్థులు నడిపే ప్లీనియన్ సొసైటీని ప్రోత్సహించింది కూడా జేమ్సనే, కుర్ర డార్విన్ తన మొదటి పరిశోధన వివరాలు చెప్పింది అక్కడే. క్లాసు బోరు కొట్టినంత మాత్రాన చదువు అబ్బలేదని అనలేం కదా, మనందరికీ అలాంటి మాస్టారు ఒకరుంటారు.

అపోహ: క్యూరేటర్ అంటే అద్దాల బీరువాలకు తాళాలు వేసే మనిషి.

ఇది వింటే నాకు చిర్రెత్తుకొస్తుంది. జేమ్సన్ ఓడ కెప్టెన్ల చేత, సీమ దాటి వెళ్లిన విద్యార్థుల చేత రాళ్లు, పక్షులు, శిలాజాలు పంపించుకున్నాడు. తిమింగలాల వేటకు వెళ్లే స్కోర్స్‌బీ అయితే గ్రీన్‌లాండ్ తూర్పు తీరంలో ఒక నేలకి జేమ్సన్ లాండ్ అని పేరే పెట్టాడు. ప్యారిస్ నుంచి డ్యూఫ్రెన్ అనే ప్రకృతి శాస్త్రజ్ఞుడి సేకరణ కొనిపించాడు. 1852 నాటికి ఎడిన్‌బరా మ్యూజియంలో 74,000 పైచిలుకు నమూనాలు. ఇవన్నీ తెప్పించడం ఒక ఎత్తు, ప్రతిదానికీ ఎక్కడిది, ఎవరు తెచ్చారు అని రాసి ఉంచడం ఇంకో ఎత్తు. ఊరు పేరు పోతే అది నమూనా కాదు, వట్టి రాయి. ఒక కాలేజీలో రెండు సొరుగుల నిండా లేబుళ్లు చెదలు తినేశాయి, రాళ్లు మాత్రం నిక్షేపంలా ఉన్నాయి. రెండేళ్లయినా నేను వాటిని ఎక్కడా పెట్టలేకపోయాను.

అపోహ: మ్యూజియానికి ఇచ్చేస్తే ఇక భద్రమే.

ఇక్కడే జేమ్సన్ మీద నా అసలు కోపం. 1797లో హటన్ పోయాక, ఆయన కొండలూ వాగులూ తిరిగి ఏరుకొచ్చిన రాళ్లు రాయల్ సొసైటీ ఆఫ్ ఎడిన్‌బరా అనే పండితుల సంఘానికి వచ్చాయి. సొసైటీకి వచ్చిన ప్రకృతి నమూనాలు యూనివర్సిటీ మ్యూజియానికే చేరాలని దాని చార్టర్‌లో (స్థాపన పత్రంలో) రూలు. అలా వెళ్లి చేరింది ఎవరి చేతుల్లోకి? హటన్ వాదాన్ని ఒప్పుకోని జేమ్సన్ చేతుల్లోకి. ఆ సేకరణ ఇప్పుడు లేదు. కావాలనే మాయం చేశాడని కొందరంటారు, దానికి రుజువు లేదు. నాకు తెలిసినంతలో సేకరణలు పగవల్ల కంటే పట్టించుకోకపోవడం వల్లే ఎక్కువగా పోతాయి, పెట్టె విప్పరు, జాబితా రాయరు, గది మారుస్తారు, అంతే. కానీ తనకు నచ్చని సిద్ధాంతం తాలూకు రాళ్లని కూడా దాచడమే కదా క్యూరేటర్ పని? ఆయన చేర్చిన మిగతా సంపద మాత్రం ఆయన పోయాక ప్రభుత్వ మ్యూజియంలోకి వెళ్లింది, ఈనాటి నేషనల్ మ్యూజియం ఆఫ్ స్కాట్లాండ్ దాని వారసురాలే.

అన్నట్టు, 1825లో హైడింగర్ అనే ఖనిజ శాస్త్రవేత్త ఒక ఖనిజానికి ఆయన పేరు పెట్టాడు, జేమ్సనైట్. సీసం, ఇనుము, యాంటిమొనీ, గంధకం కలిసిన బూడిదరంగు సూదుల ఖనిజం. అది పుట్టేది రాతి చీలికల్లో పారే వేడినీళ్లలో. నీళ్లా, వేడా అని వెర్నర్, హటన్ అనే ఇద్దరు పెద్దమనుషుల శిష్యులు అన్నేళ్లు కొట్టుకున్నారు, దీనికేమో రెండూ కావాలి.